జెనీల్దా అత్త, ఒటాసీలియో గారి పళ్ళు

మా మేనత్త జెనీల్దా నిర్మించిన సినిమాల్లో ఆమె ఎక్కడా కనిపించేది కాదు. అదే ఆమె గర్వం. "ఇన్నేళ్ళలో నా మోచెయ్యి కూడా ఫ్రేములో పడలేదు" అని కొత్తగా ఎవరు ఇంటికొచ్చినా చెప్పేది. వచ్చినవాళ్ళకు అందులో గొప్పేమిటో తెలిసేది కాదు. మర్యాదకు తలూపి, ఆమె ఇచ్చిన కాఫీ తాగేవారు.

నది ఒడ్డునున్న మా ఊరు పెట్రోలినాలో నిర్మాత అంటే డబ్బున్న మనిషని అర్థం. అత్తకు డబ్బు లేదు. కళాకారుల మీద తీసే డాక్యుమెంటరీలకు డబ్బు ఏదో ఛానెల్ నుంచో, ఏదో ప్రభుత్వ శాఖ నుంచో వస్తుంది. దర్శకుడు సావో పాలో నుంచి వస్తాడు. కెమెరా పెట్టెలో వస్తుంది. ఇవన్నీ వచ్చాక కెమెరాకూ కళాకారుడికీ మధ్య మిగిలే సమస్త ప్రపంచాన్నీ చక్కబెట్టడం అత్త పని. మొరిగే కుక్కలు, అలిగిన భార్యలు, మధ్యాహ్నం భోజనం, సరిగ్గా కళాకారుడి కళ్ళు చెమర్చే క్షణంలో సందులోకి తిరిగే గుడ్ల బండి మైకు, అన్నీ ఆమె ఖాతాలోవే. "అయితే సినిమాకి నువ్వే యజమానివా అక్కా?" అని మా నాన్న ఒకసారి అడిగితే, "కాదురా, సినిమావాళ్ళ భోజనానికి యజమానిని" అంది.

ఈ పనిలోకి ఆమె భోజనం వల్లే వచ్చింది. అంతకుముందు పెళ్ళిళ్ళ హాల్లో ఏర్పాట్లు చూసేది. ఒకరోజు నది ఒడ్డున లేసు అల్లే ఆడవాళ్ళ మీద సినిమా తీయడానికి ఒక బృందం దిగింది. మా దగ్గర మేక మాంసం కావాలంటే పొద్దున్నే చెప్పి పెట్టుకోవాలి. ఆ సంగతి తెలియక మధ్యాహ్నానికి అందరూ చెట్టు నీడలో నీరసంగా కూలబడ్డారు. పెళ్ళి భోజనంలో మిగిలిన గిన్నెలతో అటు వెళ్తున్న అత్త వాళ్ళకు అన్నం పెట్టింది. తిన్నాక కెమెరా పెడితే, లేసు అల్లే ముసలమ్మ వెనక ఒక ఆవు నిలబడి కదలనంది. తోసినా కదల్లేదు, గడ్డి చూపించినా కదల్లేదు. అత్త "మిమోజా, ఇటు రా" అంది. వచ్చింది.

"దాని పేరు మీకెలా తెలుసు?" అన్నాడు దర్శకుడు.

"ఈ చుట్టుపక్కల ఆవులన్నిటిదీ అదే పేరు" అంది అత్త.

రేపు కూడా రమ్మన్నాడాయన. ఆ సినిమా చివర వేసిన పేర్లలో అత్త పేరు ఆవు యజమాని పేరు తరవాత వచ్చింది. అయినా ఆమె పెళ్ళిళ్ళ హాలుకు తిరిగి వెళ్ళలేదు.

ఆ తరవాత ఎంతోమంది కళాకారులను చూసింది. చెక్కమీద బొమ్మలు చెక్కి కాగితాలమీద అచ్చువేసే ఒకాయన, ఏ ప్రశ్న అడిగినా పద్యంలోనే జవాబు చెబుతానని పట్టుబట్టాడు. దర్శకుడు మొదటి గంటంతా మురిసిపోయాడు. సాయంత్రానికి "బాత్రూం ఎటువైపు?" అని అడిగినా పద్యమే వచ్చేసరికి పారిపోయి జీపులో కూర్చున్నాడు. మట్టిబొమ్మలు చేసే ఇంకొకాయన తన మేక లేకుండా ఒక్క షాటుకూ ఒప్పుకోలేదు. ఆ సినిమా బహుమతి తెచ్చుకుంది. బహుమతి ఇచ్చినవాళ్ళు మేకను లోతైన ప్రతీకగా అర్థం చేసుకున్నారని అత్త నవ్వుతూ చెబుతుంది. "కళాకారుల్ని ఒప్పించడం ఏం కష్టం కాదే. ఒప్పుకున్నాక ఆపడమే కష్టం" అనేది నాతో.

ఆమెకు తనవైన పట్టింపులున్నాయి. కాఫీ తన ఫ్లాస్కులోంచే పోయాలి. తీసిన బొమ్మను కెమెరా చిన్న తెరమీద వీధివాళ్ళకు చూపించకూడదు. ఈ రెండోదాని విషయంలో కెమెరావాళ్ళ చేతిమీద కొట్టడానికి కూడా వెనకాడదు. తన మొహం తెరమీద చూసుకున్న మనిషి మర్నాడు ఇంకో మనిషై వస్తాడని ఆమె నమ్మకం. ఈ పట్టింపును ఆమె ఒక్కసారే తప్పింది. అది ఒటాసీలియో గారి ఇంటి దగ్గర.

ఒటాసీలియో గారు కరాంకాలు చెక్కే ఆయన. పూర్వం మా నదిమీద తిరిగే పడవల ముక్కుకు కట్టేవారు వాటిని. సింహం జూలు, మనిషి ముక్కు, గుడ్లురిమే కళ్ళు, బయటికి పొడుచుకొచ్చిన పెద్ద పెద్ద తెల్లని పళ్ళు. నీళ్ళలో ఉండే చెడు ఏదైనా ఆ మొహాన్ని చూసి జడుసుకుని పక్కకు తప్పుకోవాలి. ఇప్పుడు పడవలకు మోటార్లొచ్చాయి, మొహాలు ఇళ్ళ గుమ్మాలకెక్కాయి. ఆయన మాత్రం ఇంకా పడవకు కడుతున్నట్టే చెక్కుతాడు. డెబ్బై దాటిన మనిషి. తెల్లగడ్డం ఛాతీదాకా ఉండేది. నోట్లో పళ్ళు దాదాపు లేవు. చిన్నప్పటినుంచీ వీధిలో ఆయన్ని కరాంకా అనే పిలుస్తారు, పనివల్ల కొంత, మొహంవల్ల కొంత.

ఆ సినిమా దర్శకుడు రెనాన్ అనే కుర్రాడు. మా ఎండలో కూడా నల్లచొక్కా విప్పడు. ఒటాసీలియో గారిని చూడగానే చేతులు జోడించినంత పనిచేశాడు.

"ఆ మొహం చూడండి జెనీల్దా గారూ. ఆ బుగ్గల గుంటలు చూడండి. ఈయనే ఒక కరాంకా."

"మెల్లగా అను నాయనా, ఆయనకి చెవులు బాగానే పనిచేస్తాయి" అంది అత్త.

మొదటి విడత చిత్రీకరణ బాగానే మొదలైంది. ఒటాసీలియో గారు ఇంబురానా అనే మెత్తచెక్క దుంగ ఒకటి తీసుకుని కొత్త మొహం మొదలుపెట్టాడు. అంతలో పక్కింటి కోడిపుంజు కూసింది. మళ్ళీ మొదలుపెడితే మళ్ళీ కూసింది. అత్త పక్కింటికి వెళ్ళింది. ఆ ఇల్లు నాల్వా అనే ఆవిడది. భర్త పోయి చాలాకాలమైంది. పెద్ద గొంతు, ఇంకా పెద్ద నవ్వు.

"పుంజుని కాసేపు లోపల పెడతావా నాల్వా?"

"పెడితే నాకేంటి?"

"కాఫీ పోస్తా. రెండు చెంచాలు చక్కెర ఎక్కువేస్తా."

"కాఫీ మా ఇంట్లోనూ ఉంది. ఆయన టీవీలో ఎలా ఉంటాడో నాకు చూపించాలి. ఇవాళే."

అత్త కాదంది. పుంజు మళ్ళీ కూసింది. రెనాన్ వాకిట్లోంచి తొంగిచూసి తల పట్టుకున్నాడు. వెలుతురు తగ్గిపోతోంది. అత్త ఒప్పుకుంది.

సాయంత్రం కెమెరామన్ బీరా, అత్త కళ్ళతోనే సైగ చేస్తే, చిన్న తెర తిప్పి నాల్వాకు చూపించాడు. వీధిలో సగంమంది ఆమె భుజాలమీదుగా వంగి చూశారు. ఒటాసీలియో గారు కూడా వచ్చి వెనక నిలబడ్డాడు. నాల్వా కాసేపు చూసి, ఇంక ఆపుకోలేక నవ్వింది.

"అయ్యో, ఇదేం మొహమయ్యా! పడవకి కట్టేస్తే సరి, చెక్క ఖర్చు కలిసొస్తుంది."

అందరూ నవ్వారు. ఒటాసీలియో గారు కూడా నవ్వాడు, గడ్డంలో నోరు దాచుకుని. తరవాత ఎవరూ చూడకుండా పనిముట్లు సర్దుకుని లోపలికి వెళ్ళిపోయాడు. అత్త ఒక్కతే చూసింది. చూసి, ఫ్లాస్కు మూత బిగించుకుంటూ, చూడనట్టే ఉండిపోయింది.

కొన్ని వారాలు పోయాక రెనాన్ రెండో విడతకు వచ్చాడు. ఆ మొహం పూర్తవడం, దాన్ని నదిలో పడవకు కట్టడం, ఇదీ సినిమాలో రెండో సగం. ఈ విడత అయిపోతే ఛానెల్‌కు ఇచ్చేముందు ఊరి చౌకులో తెరకట్టి వేస్తామని అత్త ఒటాసీలియో గారికి మాటిచ్చి ఉంది. ఈ వారంలో పూర్తి కాకపోతే ఛానెల్ ఇంకో సినిమా వేసుకుంటుంది. అప్పుడు చౌకూ లేదు, తెరా లేదు. ఆ ఉదయం సెలవుల్లో ఉన్న నేను కూడా వాళ్ళ వెంట వెళ్ళాను.

తలుపు తీసిన మనిషిని చూసి అత్త "ఒటాసీలియో గారు లేరా?" అని అడిగింది.

"నేనే తల్లీ. రండి, కాఫీ సిద్ధంగా ఉంది" అన్నాడా మనిషి. 'సిద్ధం' దగ్గర సన్నగా ఒక ఈల వినబడింది.

గడ్డం లేదు. దానికింద ఇన్నాళ్ళూ దాక్కున్న చుబుకం చాలా చిన్నది. జుట్టు బూట్‌పాలిష్ పూసినట్టు నల్లగా మెరుస్తోంది. నోటినిండా పళ్ళు. పెద్దవి, నలుచదరమైనవి, అన్నీ ఒకే ఎత్తున, సున్నం కొట్టినంత తెల్లగా ఉన్నాయి. ఆ పళ్ళను ఇంతకుముందెక్కడో చూశామనిపించింది. ఆయన వెనక గోడనిండా వేలాడుతున్న మొహాల్లో ఉన్నాయి.

రెనాన్ అత్తను జీపు పక్కకు తీసుకెళ్ళాడు.

"మొదటి సగంలో ముసలాయన చెక్కుతాడు. రెండో సగంలో ఎవరు చెక్కుతారు? ఆయన తమ్ముడా? పళ్ళు తీయమనండి. గడ్డం ఎలాగూ ఇప్పుడు రాదు, తువ్వాలు కట్టిద్దాం. జుట్టుమీద పిండి చల్లుదాం."

"ఏం పిండి?"

"కర్రపెండలం పిండి. మీ ఊళ్ళో తినేవాటన్నిటిమీదా చల్లుకుంటారు కదా. తలమీదా చల్లండి."

"తింటే చల్లుకుంటాం నాయనా. ఆయన్ని తినబోవట్లేదు."

"జెనీల్దా గారూ, మీరు మేయర్‌నే ఒప్పించి చర్చి గంట ఆపించారని చెప్పుకుంటారు. పళ్ళు తీయించలేరా?"

ఈ మాటతో అత్త రోషపడింది. ఫ్లాస్కు పట్టుకుని పెరట్లోకి వెళ్ళింది. ఒటాసీలియో గారు దుంగమీద కూర్చుని, కర్రపెండలం కేకును పళ్ళెంలో పెట్టుకుని, తినకుండా చూస్తున్నాడు.

"తినరేం?"

"పళ్ళు తీస్తేనే తినగలను. నొప్పెడతాయి. ఇవి మాట్లాడ్డానికీ, కెమెరాకీ."

"ఎక్కడ కట్టించారు?"

"నది దాటి జువాజేరో వెళ్ళి. మీరిచ్చిన డబ్బే."

"మేమిచ్చింది మీ ఖర్చులకి కదండీ."

"సినిమాకని ఇచ్చారు. సినిమాకే పెట్టా."

అత్త కాఫీ పోసింది. ఎలా మొదలుపెట్టాలో తెలిసినప్పుడు ఆమె కాఫీ త్వరగా పోస్తుంది. ఆరోజు చాలా మెల్లగా పోసింది.

"అయినా ఆ గడ్డం బాగుండేది మీకు."

"నాల్వా నవ్వింది" అన్నాడాయన.

"నాల్వా ఎవర్ని చూసి నవ్వదు? బిషప్‌గారి టోపీ చూసి కూడా నవ్వింది."

"దాని తప్పు లేదమ్మా. నేనూ చూశాగా ఆ తెరలో. నా మొహం కాకపోతే నేనూ నవ్వేవాణ్ణే." ఈలలు వేస్తున్నాయి పళ్ళు. ఆయన బొటనవేలితో పైవరసను వెనక్కి నొక్కుకున్నాడు, చెక్కలో మేకు బిగిసిందో లేదో చూసినట్టు. "పుట్టి బుద్ధెరిగినప్పట్నుంచీ భయపెట్టే మొహాలే చెక్కుతున్నా తల్లీ. ఊరంతా చౌకులో కూర్చుని నన్ను చూస్తారన్నావు. ఆ ఒక్కరోజు ఎవరూ జడుసుకోని మొహంతో కనబడదామనుకున్నా. అంతే. తీసేయమంటే తీసేస్తాలే. నువ్వు అడిగితే."

అత్త అడగలేదు. ఖాళీ గ్లాసు తీసుకుని వచ్చేసింది. ఆయన ఆ తెర చూడటానికి కారణం నాల్వా కాదు. నాల్వాకు చూపించిందెవరో అత్తకు బాగా తెలుసు.

"ఒప్పుకున్నారా?" అన్నాడు రెనాన్.

"నేనడగలేదు."

"అడగలేదా? అయితే నేనే అడుగుతాను."

"అడగవు. ఆవుల్ని కదిలించాను, పుంజుల్ని మూయించాను, చర్చి గంట ఆపించాను. ఆ మనిషి పళ్ళు మాత్రం నేను కదిలించను, ఎవర్నీ కదిలించనివ్వను."

"అలాగైతే సినిమా లేదు."

"సినిమా ఉంటుంది. ఎలాగో నువ్వే ఆలోచించుకో, దర్శకుడివి కదా."

రెనాన్ గొంతు పెంచాడు. కళ గురించి, నిజం గురించి, కంటిన్యుటీ గురించి చాలా చెప్పాడు. సరిగ్గా అప్పుడే సందు మొదట్లో గుడ్ల బండి తిరిగింది. "గుడ్లు, తాజా గుడ్లు, కోళ్ళు అలిసిపోయాయి అమ్మలారా, గుడ్లు మాత్రం ఆగడం లేదు" అని మైకు మోగింది. ఏ షూటింగులోనైనా ఆ బండికి ఎదురెళ్ళి ఆపే మొదటి మనిషి అత్త. ఆరోజు జీపుకానుకుని నిలబడి, బండి మెల్లగా సందు దాటేదాకా చేతులు కట్టుకుని చూసింది. రెనాన్ నోరు కదులుతోంది, మాట వినబడలేదు. బండి వెళ్ళిపోయేసరికి అతను చెప్పాల్సినదంతా అయిపోయింది.

పెరట్లో ఒటాసీలియో గారికి ఎదురుచూపు విసుగనిపించినట్టుంది. మొదటి విడతలో మొదలుపెట్టిన ఆ మొహాన్ని ముందుకు లాక్కుని పనిలో పడ్డాడు. బీరా ఎవరినీ అడక్కుండా కెమెరా భుజాన వేసుకున్నాడు. అత్త గుమ్మంలోంచి చూసింది. ఆ మొహానికి కళ్ళయ్యాయి, ముక్కయ్యింది, జూలు వెంట్రుక వెంట్రుకగా దిగింది. నోరుండాల్సినచోట మాత్రం చదునైన చెక్కే ఉంది.

"దీనికింకా పళ్ళు పెట్టలేదేం?" అంది.

"పళ్ళు చివర. మా నాయన అలాగే చెక్కేవాడు, నేనూ అంతే. ముందే పళ్ళు పెట్టేస్తే మొహం అయిపోయిందనిపించి చెయ్యి బద్ధకిస్తుంది."

అత్త రెనాన్ వైపు చూసింది. రెనాన్ ఆ మొహాన్ని చూశాడు, ఒటాసీలియో గారిని చూశాడు, మళ్ళీ ఆ మొహాన్ని చూశాడు. చదువుకున్న కుర్రాడు కాబట్టి కొంచెం టైం పట్టింది.

"మొదటి సగంలో..." అన్నాడు.

"దానికీ లేవు, ఆయనకీ లేవు" అంది అత్త మెల్లగా.

రెనాన్ వచ్చి కెమెరా పక్కన కూర్చుని, గొంతు సవరించుకుని, "మీ సృజనలో పూర్తికావడం అనే భావన గురించి చెప్పండి" అన్నాడు. ఒటాసీలియో గారు బిగుసుకుపోయి, ఫొటోకు కూర్చున్నట్టు పళ్ళన్నీ బయటపెట్టాడు. నిజంగానే జడుపు పుట్టింది. మళ్ళీ అడిగితే ఇంకొంచెం బయటపెట్టాడు.

"తప్పుకో నాయనా" అని అత్త రెనాన్ స్టూలు మీద కూర్చుంది. జీవితంలో కెమెరాకు అంత దగ్గరగా ఆమె ఎన్నడూ కూర్చోలేదు.

"దీనికైతే చివర పెడతారు సరే. మీకెందుకండీ ఇంత ఆలస్యమైంది?"

ఆయన ఉలి ఆపాడు. "నేను మెత్తచెక్కనా ఏంటి తల్లీ? నా మొహానికి పని ఎక్కువ పట్టింది."

అని తన మాటకు తనే నవ్వాడు. పైవరస జారింది. బొటనవేలితో తోసుకున్నాడు. తోసుకుంటూ ఇంకా నవ్వాడు. ఆ తరవాత నోటిచోట మొదటి గీత గీసి, పన్నుపన్నుగా చెక్కుతూ, తండ్రి గురించీ, పడవల గురించీ, పదహారేళ్ళకే ఊడిన తన మొదటి పన్ను గురించీ ఈలలు వేసుకుంటూ చెప్పాడు. శబ్దం చూసే అమ్మాయి మొదట్లో ప్రతి ఈలకూ చెవులు మూసుకుంది, తరవాత మానేసింది. పుంజును మూయమని ఆరోజు ఎవరూ నాల్వాకు చెప్పలేదు. అది కూసింది. ఒటాసీలియో గారు దాన్ని కూడా రెండు తిట్లు తిట్టి కథ కొనసాగించాడు. ఆయన గొంతు ఎండినట్టనిపిస్తే అత్త అలవాటుకొద్దీ ఫ్లాస్కులోంచి పోసి గ్లాసు అందించింది.

చౌకులో తెరకట్టిన సాయంత్రం నాల్వా మొదటి వరసలో ప్లాస్టిక్ కుర్చీ వేసుకుని, పుంజును ఒడిలో పెట్టుకుని కూర్చుంది. దాని గొంతు సినిమాలో ఉందని ఎవరో చెప్పారట. పక్క కుర్చీలో ఒటాసీలియో గారు ఇస్త్రీచొక్కాతో, మోకాళ్ళమీద చేతులతో, కదలకుండా ఉన్నాడు. మొదటి సగంలో గడ్డం, బోసినోరు కనబడగానే జనం నవ్వారు. "కరాంకా" అని ఎవడో వెనకనుంచి అరిచాడు. ఆయన నేలచూపులు చూశాడు. అత్త తెర పక్కన నిలబడి తెరను కాక ఆయన్నే చూస్తోంది.

తెరమీద ఆయన నవ్వి, పళ్ళు జారి, వేలితో తోసుకున్నప్పుడు చౌకంతా మళ్ళీ నవ్వింది. ఈసారి ఆయనా తలెత్తి నవ్వాడు. చెక్కమొహానికి చివరి పన్ను దిగేసరికి చప్పట్లు కొట్టారు. పుంజు కూసింది, తెరమీదో ఒడిలోనో తెలియలేదు.

"ఏదయ్యా, ఇటు తిరుగు. దగ్గర్నుంచి చూడనీ" అంది నాల్వా.

ఆయన తిరిగాడు.

"బాగున్నాయి" అంది చాలాసేపు చూసి. "పడుకునేప్పుడు మాత్రం గ్లాసులో వేసి మూతపెట్టు. మా పుంజు గోడదూకి వస్తుంటుంది, జడుసుకుంటుంది."

ఇద్దరూ నవ్వుకున్నారు. అత్త హమ్మయ్య అనుకుని తెరవైపు తిరిగింది. తిరిగేసరికి తెరమీద, కుడి పక్కనుంచి, ఒక చెయ్యి కాఫీ గ్లాసుతో ముందుకు వస్తోంది. గాజుల్లేవు, ఉంగరం లేదు, చూపుడువేలి గోరు విరిగి ఉంది. తెరంత పెద్దదిగా ఉంది ఆ గోరు.

ఇంటికి నడిచి వస్తున్నంతసేపూ రెనాన్ ఆ షాటు ఎందుకు తీసేయలేదో చెబుతూనే ఉన్నాడు. అది చాలా సహజమన్నాడు, మొత్తం సినిమాలో అదే తనకిష్టమన్నాడు. ఇన్నేళ్ళ రికార్డు పాడైనందుకు అత్త అతణ్ణి దులిపేస్తుందని నేను చూస్తున్నాను. ఆమె వీధిదీపం కింద ఆగి, తన చేతివేళ్ళు ఒకసారి ముందుకూ ఒకసారి వెనక్కూ తిప్పి చూసుకుంది.

"ముందే ఒక్కమాట చెప్పుంటే" అంది, "గోళ్ళకి ఎర్రరంగన్నా వేసుకునేదాన్ని కదా నాయనా."